సున్నా పట్టిన చెయ్యి

మా ఆఫీసు టేపుకు సున్నా లేదు.

ఈ మాట చెబితే కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు నవ్వుతారు. నవ్వుకోండి నాయనా. మీట నొక్కితే గోడ మీద ఎర్రచుక్క పడి కొలత చెప్పే మిషన్లు మీ చేతుల్లో ఉన్నాయి. మాకు తోలు డబ్బాలో చుట్టిన గుడ్డ టేపు ఉండేది. దాని కొసన ఇత్తడి ఉంగరం, ఆ ఉంగరం దగ్గర సున్నా. నాకంటే ముందు పనిచేసిన ఏ మహానుభావుడి హయాంలోనో ఆ ఉంగరమూ, దాంతోపాటు మొదటి అడుగూ తెగిపోయాయి. కొత్త టేపు కావాలని ఇండెంటు పెట్టారు. ఆ ఇండెంటు ఏ బీరువాలో నిద్రపోయిందో గానీ పదకొండేళ్ళు టేపు రాలేదు.

టేపు తెగిందని పని ఆగుతుందా? మేమొక పద్ధతి పెట్టుకున్నాం. చైన్‌మన్ అటు చివర ఒకటో అడుగు గీతను గోడకు ఆనించి "ఒకటీ!" అని కేక వేస్తాడు. ఇటు చివర నేను అంకె చదివి, అందులోంచి ఒకటి తీసేసి పుస్తకంలో రాసుకుంటాను. ముప్పైయొకటి వస్తే ముప్పై. పదమూడు వస్తే పన్నెండు. రోజుకు పది ఇరవై సార్లు, పదకొండేళ్ళు ఇదే పని. చివరికి ఇంట్లో నా భార్య "ఎన్ని ఇడ్లీలు తింటిరి?" అంటే కూడా ఒకటి తగ్గించి చెప్పే స్థితికి వచ్చాను.

నేను కడప జిల్లాలో ఒక చిన్న మున్సిపాలిటీలో బిల్డింగ్ ఇన్‌స్పెక్టరుగా పనిచేశాను. ఊరి పేరు చెప్పను, మనుషుల పేర్లూ చెప్పను. కొందరు పోయారు, కొందరు ఉన్నారు, ఉన్నవాళ్ళకు కోపం ఎక్కువ. నా సొంతూరు కర్నూలు జిల్లాలో ఆలూరు పక్కన. ఎవరి ఇల్లు ఎంత ముందుకొచ్చిందో కొలవడం, వస్తే నోటీసు ఇవ్వడం, నోటీసుకు లొంగకపోతే గడ్డపారలు తీసుకుని పోవడం నా ఉద్యోగం. చేతిలో కాగితం, వెనక ట్రాక్టరు ఉంటే మనిషికి ఒక రకమైన మత్తు వస్తుంది. నాకూ వచ్చింది. అబద్ధమెందుకు?

మా చైన్‌మన్‌ను అందరం భాయ్ అనేవాళ్ళం. నాకంటే పదిహేనేళ్ళు పెద్ద, రిటైర్మెంటుకు దగ్గర పడిన మనిషి. పొట్టిగా, గట్టిగా ఉండేవాడు. చదువు లేదు. అంకెలు గుర్తుపడతాడు గానీ రాయడు. టేపు కొస పట్టుకోవడమే ఆయన పని. ముళ్ళకంపలోనైనా, మురుక్కాలువలోనైనా పట్టమన్న చోట పట్టేవాడు. ఒక్క సంగతి గుర్తుంచుకోండి, మిగతా కథంతా దాని మీదే నడుస్తుంది. కొస పట్టేవాడు పుస్తకం చూడడు, పుస్తకం రాసేవాడు కొస చూడడు. ఇద్దరి మధ్యా వీధి ఉంటుంది.

రెండువేల సంవత్సరం దాటిన తొలి రోజుల్లో ఊళ్ళో ఆక్రమణలన్నీ తీసేయాలని పైనుంచి ఉత్తర్వు వచ్చింది. దానికి తగ్గట్టే మాకు ఒక కొత్త టౌన్ ప్లానింగ్ ఆఫీసరు వచ్చాడు. నాకంటే చిన్నవాడు, మహా చురుకు. ఆయన వచ్చిన నెలకే, ఎవరి పుణ్యమో, కొత్త టేపు కూడా వచ్చింది! భాయ్ దాని ఇత్తడి ఉంగరాన్ని తువ్వాలుతో తుడిచి కళ్ళకు అద్దుకున్నాడు. నేను బజారు నుంచి టీ తెప్పించాను. పెళ్ళికూతురు దిగినంత సంబరం చేసుకున్నాం.

ఆ వారమే సత్రం వీధి కొలిచాం. ఒక పక్క పొడవునా పాత రాతి సత్రం గోడ, ఎదురు పక్క ఇళ్ళు. ప్లానులో ఆ వీధి వెడల్పు ముప్పై అడుగులు. సత్రం గోడ ఎప్పటిదో, కదిలేది కాదు. అందుకని కొస అక్కడ పట్టి, ఎదురింటి గోడ దాకా, అరుగుంటే అరుగు అంచు దాకా కొలవాలి. ముప్పై కంటే తగ్గితే ఆ ఇల్లు వీధిలోకి వచ్చినట్టు లెక్క. ఆమధ్య రిపేర్లు చేసుకున్న నాలుగు ఇళ్ళు కొలిచాం. నాలుగూ ఇరవై తొమ్మిదే.

నాలుగు ఇళ్ళూ సరిగ్గా ఒక్క అడుగే ముందుకు రావడమేమిటి, అనుమానం రాలేదా అంటారు. వచ్చింది. నలుగురూ కూడబలుక్కుని కబ్జా చేశారని అనుమానం వచ్చింది. మా ఆఫీసరు అయితే బల్ల చరిచి, "చూసినారా, ఒకరిని చూసి ఒకరు! వీధినే మింగేస్తాండారు" అన్నాడు. నాలుగు నోటీసులు వెళ్ళాయి. మొదటి ఇంటాయనకు పలుకుబడి ఉంది, ఆయన ఫైలు అడుక్కి వెళ్ళిపోయింది. రెండో ఇల్లు తాళం వేసి ఉంది. మూడో ఇంట్లో ఒక టైలరు ఉండేవాడు. ఆయన మారు మాట్లాడకుండా, నోటీసు ముట్టిన రెండో రోజే తన అరుగును తనే ఒక అడుగు పగలగొట్టుకున్నాడు. "ఇట్లాంటోళ్ళు ఉంటే ఉద్యోగం ఎంత సుఖమప్పా" అని నేను భాయ్‌తో అన్నట్టు గుర్తు.

నాలుగో ఇల్లు బొరుగులామెది.

యాభై దాటిన మనిషి, భర్త లేడు. ఇంటి ముందు గోడకు ఆనించి బొరుగుల బట్టీ ఉండేది. కాలిన ఇసుకలో బియ్యం పోసి వేయించి, జల్లెడ పట్టి, అక్కడే అమ్మేది. పొగ పోయే దారి కూడా ఆ గోడలోనే. ముందటి ఏడు తుపాను వానకు గోడ కూలితే పాత పునాది మీదే మళ్ళీ లేపుకుంది. పర్మిషన్‌కు అర్జీ కూడా పెట్టింది. ఆ అర్జీ నా బల్ల మీదే ఉండేది, చాలా రోజులు దాని మీద టీ గ్లాసు పెట్టుకున్నాను. ఇప్పుడు గోడ ఒక అడుగు వెనక్కి జరపాలంటే బట్టీ నోరు పోతుంది, పొగదారి పోతుంది. బట్టీ లేకపోతే ఆమెకు వేరే బతుకు లేదు.

నోటీసు పట్టుకుని ఆఫీసుకు వచ్చింది. అరవలేదు, ఏడవలేదు.

"సారూ, నా గోడ ఎప్పుడు కొలిచినారు?" అంది.

"పోయిన నెల" అన్నాను.

"నేను యాడుండా అప్పుడు?"

"బియ్యానికి రాజంపేట పోయింటివంట కదమ్మా."

"అట్లయితే నేను లేనప్పుడు కొలిచినారు. ఇప్పుడొచ్చి నా కండ్ల ముందర కొలవండి. అడుగు ఎక్కువ ఉండాదంటే నేనే గడ్డపార తెచ్చి పగలగొడతా. మీకు ఆ శ్రమ కూడా ఉండదు."

"గవర్నమెంటు కొలతమ్మా ఇది. ఇంటింటికీ రెండుసార్లు కొలిచేదానికి మాకు వేరే పనుల్లేవా?" అన్నాను. ఈ వాక్యం రాస్తుంటే ఇప్పటికీ చెవులు కాలుతున్నాయి.

ఆమె కదల్లేదు. "నేనూ మూరేసి చూసుకున్నా సారూ. సత్రం గోడ కాడి నుంచి నా గోడ కాడికి ఇరవై మూరలు ఉండాది. మూర అంటే అడుగున్నర కాదా?"

లోపలి నుంచి ఆఫీసరు పెద్దగా నవ్వాడు. "నీ మూరకు కోర్టులో విలువ లేదు పో అమ్మా" అన్నాడు. ఆయనే ఆమెకు దారి చూపించాడు పాపం. అప్పటిదాకా ఆమెకు కోర్టు ఆలోచన ఉందో లేదో నాకు తెలియదు.

చివరి ఉత్తర్వు ఇవ్వడానికి నేనే ఆమె అంగడికి వెళ్ళాను. ఏడు రోజుల్లో గోడ తీసేయకపోతే మున్సిపాలిటీయే కూల్చేస్తుందని అందులో ఉంది. బేరం నడుస్తోంది, నిలబడ్డాను. ఆమె పడి అనే కొలపాత్ర నిండా బొరుగులు ముంచి, పైన గోపురంగా నింపి, సంచిలో పోసే ముందు దాన్ని కొనేవాళ్ళ కళ్ళ ముందు ఒక్క క్షణం నిలిపింది. "చూసుకున్నావా?" అంది. వాళ్ళు తల ఊపాకే పోసింది. ప్రతి పడికీ అంతే. ముసలివాళ్ళకైనా, తొందరలో ఉన్నవాళ్ళకైనా అంతే. "చాల్లే పోయమ్మా, చూసినాంలే" అని ఒకావిడ విసుక్కుంటే, "కొలత చూపియ్యకుండా పోస్తే అది నాకు ముట్టదు తల్లీ" అంది. నేను చూసి, కాగితం ఇచ్చి, సంతకం తీసుకుని వచ్చేశాను. నాకేమీ తట్టలేదు. ఎద్దు ముందు ఏం పెట్టినా ఎద్దుకు గడ్డే కదా కనపడేది.

ఏడు రోజులు అయ్యాయి. ఎనిమిదో రోజు పొద్దున్నే ఎనిమిది మంది కూలీలు, ఒక ట్రాక్టరుతో సత్రం వీధికి పోయాం. వీధంతా గుమ్మాల్లో నిలబడింది. ఆమె బట్టీ ముందు కూర్చుని వేయిస్తోంది. చేతిలోని గరిటె ఆగలేదు. ఆ వాయి అయ్యేదాకా మమ్మల్ని నిలబెట్టి, చేతులు దులుపుకుని, పడి కింద నుంచి మడత పెట్టిన కాగితం తీసి ఆఫీసరుకు ఇచ్చింది. మున్సిఫ్ కోర్టు స్టే. ఆఫీసరు ముఖం మాడిపోయింది. కూలీల్లో ఒకడు నవ్వాపుకోలేక ట్రాక్టరు వెనక్కి పోయాడు. ఆమె మాత్రం నవ్వలేదు. "బొరుగులు వేడిగా ఉండాయి, తింటారా?" అని కూలీలను అడిగింది. వాళ్ళు గడ్డపారలు గోడకు ఆనించి చేతులు చాపారు.

కేసు నడిచింది. నేను కొలత బొమ్మ గీసి, ఇరవై తొమ్మిది అడుగులేనని ప్రమాణపత్రం మీద సంతకం చేసి కోర్టుకు ఇచ్చాను. జడ్జిగారు మెత్తటి గొంతుతో మా వకీలును ఒకే మాట అడిగారు. "ఆమె ముందర ఇంకోసారి కొలవడానికి మీకున్న ఇబ్బంది ఏమిటి?" మా వకీలు చట్టంలో కూల్చే అధికారం ఏ సెక్షన్లో ఉందో చెప్పాడు. జడ్జిగారు ఓపిగ్గా విని, "అధికారం అడగలేదు, ఇబ్బంది అడిగాను" అన్నారు. తరువాత కోర్టు తరఫున ఒక వకీలమ్మ వచ్చి, ఇద్దరి ముందరా కొలత వేయించి, చూసింది చూసినట్టు రాసుకుని రావాలని ఉత్తర్వు చేశారు.

ఆ తనిఖీ ఇంకో వారం ఉందనగా, నేనూ భాయ్ బస్టాండు దగ్గర ఒక కాలువ కొలుస్తున్నాం. భాయ్ అటు చివర నుంచి "సున్నా!" అని కేక వేశాడు. నేను పన్నెండు చదివి, పుస్తకంలో పదకొండు రాశాను. ఎండ మండుతోంది. కాలువ అవతల చెట్టు లేదు, నీడ నా వైపే ఉంది. అందుకని భాయ్ టేపు చుట్టుకుంటూ వచ్చి నా పక్కన నిలబడ్డాడు. ఎన్నడూ లేనిది, నా భుజం మీదుగా పుస్తకంలోకి చూశాడు.

"ఏందప్పా, ఒకటి కొట్టేసినావు?" అన్నాడు.

"తీసెయ్యల్ల కదా భాయ్."

"ఎందుకు తీసెయ్యల్ల? కొత్త టేపు ఇది. నేను సున్నా పడతాండా."

చేతిలో పెన్సిలు ఎప్పుడు జారిందో తెలియదు.

భాయ్ నా ముఖం చూసి గొంతు తగ్గించాడు. "ఎప్పటి నుంచి ఇట్లా రాస్తాండావప్పా?"

పుస్తకం వెనక్కి తిప్పాను. సత్రం వీధి పేజీ వచ్చింది. నాలుగు ఇళ్ళు. ప్రతి ఇంటి పక్కనా నా చక్కటి దస్తూరిలో, ముప్పై, ముప్పై, ముప్పై, ముప్పై. దాని పక్కన తీసివేత గుర్తు, ఒకటి. దాని కింద ఇరవై తొమ్మిది. దాచిపెట్టి కూడా చేయలేదు, పద్ధతిగా, గీత కొట్టి మరీ చేశాను. భాయ్ ఆ రోజు నాలుగుసార్లూ "సున్నా!" అనే అరిచాడు. నాకు వినిపించింది కూడా. పదకొండేళ్ళుగా ఆ కేక వస్తే ఒకటి తీసేసే చెయ్యి, కేకలో ఏముందో వింటుందా? ఒక ఆడమనిషి మూరకు, మా సర్కారు టేపుకు పందెం పెడితే మూర గెలిచింది. ఆ క్షణంలో ఆమె మీద కలిగిన భావాన్ని గౌరవం అనడం చాలదు. భయం లాంటిది అది. గుడిలో మూలవిరాట్టు ముందు తెర తీసినప్పుడు కలుగుతుందే, అట్లాంటిది.

ఆఫీసరుకు చెప్పాను. ఆయన తలుపు వేశాడు.

"కోర్టులో ప్రమాణం చేసినారు. ఇప్పుడు తప్పయిందంటే ముందు మీ ఉద్యోగం, తర్వాత నాది" అన్నాడు. "సత్రం గోడ కింద కాలువ ఉండాది కదా. ఆ కాలువ గట్టు మీద కొస పట్టించండి. ఆడ నుంచి కరెక్టుగా ఇరవై తొమ్మిది వస్తాది. రోడ్డంటే గట్టు దాకానే అని మన వకీలు వాదిస్తాడు. ఎవరూ అబద్ధం చెప్పే పనే లేదు."

నాకు ఇద్దరు పిల్లల చదువులున్నాయి. సరే అన్నాను. ఇది చదివే పిల్లలు నన్ను గొప్పవాడనుకోకూడదు, అందుకే చెబుతున్నాను. సరే అన్నాను, అంతేకాదు, తనిఖీకి ముందు రోజు సాయంత్రం భాయ్ దగ్గరికి పోయి, "రేపు కొస కాలువ గట్టు మీద పట్టల్ల భాయ్" అని కూడా చెప్పాను. ఆయన "విన్నాలే అప్పా" అన్నాడు. సరే అనలేదు. ఆ తేడా నాకు మరుసటి రోజు అర్థమైంది.

తనిఖీ పొద్దున పదింటికి. వకీలమ్మ చిన్న వయసు మనిషి. ఎండకు పుస్తకం నెత్తిన అడ్డం పెట్టుకుని, తనే స్వయంగా అంకె చూస్తానని నా పక్కకు వచ్చి నిలబడింది. బొరుగులామె బట్టీ ఆర్పేసి వచ్చింది. ఆ బట్టీ చల్లగా ఉండడం నేను చూడడం అదే మొదలు. వీధి వీధంతా వచ్చింది. ఆఫీసరు చేతులు కట్టుకుని కాలువ పక్కనే నిలబడ్డాడు. నేను టేపు డబ్బా పట్టుకుని ఆమె గోడ దగ్గర ఉన్నాను. భాయ్ ఇత్తడి ఉంగరం పట్టుకుని వీధి దాటాడు.

కాలువ గట్టు దగ్గర ఆగాడు. వంగాడు. ఆయన వంగింది చెప్పులు విప్పడానికి. చెప్పులు గట్టు మీద పెట్టి, ఆ ముసలి మనిషి మురుక్కాలువలోకి దిగాడు. మోకాళ్ళ దాకా నల్లనీళ్ళు. అవతల సత్రం గోడ మొదటి రాయికి ఉంగరాన్ని అదిమి, వీధి చివరిదాకా వినపడేట్టు కేక వేశాడు.

"సున్నా! గోడకే పట్టినా! సున్నా!"

నేను టేపు బిగించాను. వకీలమ్మ వంగి చూసింది. నేనూ చూశాను.

"ముప్పై" అంది వకీలమ్మ. నా కొలత బొమ్మ తీసి చూసి, "మరి ఇందులో ఇరవై తొమ్మిది ఎట్లా వచ్చింది?" అని అడిగింది.

ఆఫీసరు వెంటనే అందుకున్నాడు. "నోటీసు పోయినాక గోడ వెనక్కి జరుపుకొని ఉంటారు మేడం."

నేను ఆ మాట పట్టుకుని బయటపడొచ్చు. నిజంగా బయటపడొచ్చు. కానీ ఎదురుగా కాలువలో భాయ్ ఇంకా వంగి, ఉంగరం వదలకుండా, నా వైపే చూస్తున్నాడు. నేను చదివి రాసుకునేదాకా కొస వదలకూడదు, మా పనిలో నియమం అది. ఆయన నలభై ఏళ్ళ ఉద్యోగంలో ఎన్నడూ వదల్లేదు. మురుగునీళ్ళలో నిలబడి ఆయన కొస పట్టుకుని ఉంటే, పొడినేల మీద నిలబడి నేనేం రాయాలి?

"గోడ జరగలేదు మేడం. తప్పు నాది" అన్నాను. తెగిపోయిన పాత టేపు, తీసేసే ఒకటి, కొత్త టేపు, అన్నీ చెప్పాను. వీధిలో ఒక్కరు కూడా అరవలేదు. తిడతారనుకున్నాను, కొట్టినా కొడతారనుకున్నాను. వకీలమ్మ గబగబా రాసుకుంటూ ఉంది. ఆఫీసరు జీపు వైపు నడిచాడు.

అప్పుడు బొరుగులామె నా దగ్గరికి వచ్చింది. తన గోడ వైపు కూడా చూడలేదు.

"సారూ, టైలరు అరుగు కూడా ఇదే టేపుతోనే కొలిచినారా?" అని అడిగింది.

అయ్యో! నాకు ఆ టైలరు గుర్తే లేడు. వారం రోజులు నిద్ర లేకుండా నా ఉద్యోగం గురించి, నా ప్రమాణపత్రం గురించి ఆలోచించాను గానీ, నా మాట నమ్మి సుత్తి పట్టుకున్న మనిషి ఒకడున్నాడని ఒక్కసారి కూడా తట్టలేదు. ఆమెకు తట్టింది. తన బట్టీ నిలబడిందని తెలిసిన నిమిషం కూడా గడవలేదు, ఆమెకు టైలరు అరుగు గుర్తొచ్చింది. ఆమె ముందు చేతులు జోడించాను, అది మాత్రం నేను ఆలోచించి చేసింది కాదు.

"నాకు దండమెందుకు సారూ, పాండి ఆడికి" అంది.

భాయ్ కాలువలోంచి లేచి, తడి కాళ్ళతోనే టేపు చుట్టుకుంటూ వచ్చాడు. దారిలో ఆయన్ను అడిగాను, "నిన్న నేను చెప్పింది వినలేదా భాయ్?" అని.

"విన్నా అంటి కదప్పా" అన్నాడు. "నేను చదివేవాణ్ణి కాదు, రాసేవాణ్ణి కాదు. నా చేతిలో ఉండేది ఈ ఉంగరం ఒగటే. అది కూడా తప్పు తావున పడితే ఇంక నాకు ఏముండాది చెప్పు?"

టైలరు ఇల్లు రెండిళ్ళ అవతల. కడప బండ పరిచిన అరుగు. ఒకప్పుడు మిషను దాని మీద వేసుకుని వీధి వెలుతురులో కుట్టేవాడు. ఇప్పుడు బండ అడ్డంగా పగిలి, అంచు రంపపు పళ్ళలా ఉంది. మిగిలిన దాని మీద మిషను పట్టదు. లోపల చీకటి గదిలో, పట్టపగలు బల్బు వేసుకుని, కళ్ళు చిట్లించి కుడుతున్నాడు. మమ్మల్ని చూసి గబుక్కున లేచాడు.

"ఇంకా తీసెయ్యల్లనా సార్?" అన్నాడు.

బొరుగులామే చెప్పింది. "లేదన్నా. నీ అరుగు సరిగ్గానే ఉండింది. సారోళ్ళు తప్పు కొలిచినారు."

ఆయనకు ఒక పట్టాన అర్థం కాలేదు. "తప్పు యాడుంటాదమ్మా, సార్ కొలిచినాడంటే" అని నా వైపు తిరిగాడు. నేను వకీలమ్మకు చెప్పిందంతా మళ్ళీ చెప్పాను. అక్కడ చెప్పడం సులభం. ఇక్కడ కాదు. కొత్త బండ నేనే వేయిస్తానన్నాను. ఆయన అది విన్నట్టు లేదు. మిషను మీద చెయ్యి పెట్టి నిలబడిపోయాడు.

"అరుగు కట్టింది మా నాయన సార్" అన్నాడు. "నోటీసు చదివినాక ఇంత మనిషి, వీధి స్థలం అడుగు దొంగిలించినాడే అనుకుంటి. ఒగరి గుడ్డలో జానెడు ముక్క మిగిలినా మడిచి తిరిగిచ్చే మనిషి సార్ ఆయన. నాలుగు నెలలుగా ఆయన పటానికి దండం పెట్టలేదు నేను."

బొరుగులామె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేను తల ఎత్తలేదు. గోడలు కూల్చడం నా ఉద్యోగం. చచ్చిపోయిన మనిషిని కూల్చగలనని నాకు అంతవరకు తెలియదు.

తరువాత జరిగినవి త్వరగా చెప్పేస్తాను. కోర్టు మా ఉత్తర్వు కొట్టేసింది. నాకు చార్జి మెమో వచ్చింది, ఒక ఇంక్రిమెంటు ఆగింది, ఇంకో ఊరికి బదిలీ అయింది. ఎక్కడికి పోయినా ఇంటివాళ్ళు ఎదురుగా లేకుండా టేపు విప్పలేదు. ఆఫీసరు పైకి పోయాడు, బాగానే ఉన్నాడు. భాయ్ మరుసటి ఏడు రిటైరయ్యాడు. టైలరు అరుగుకు కొత్త బండ తెచ్చి వేయించాను. మేస్త్రీ దాన్ని సరిచేస్తుంటే పక్కన నీళ్ళు పోస్తూ నిలబడ్డాను.

కానీ నేను చెప్పదలచుకున్నది ఆ రోజు మధ్యాహ్నం గురించే. టైలరు మమ్మల్ని ఉండమని లోపలికి పోయాడు. దుమ్ము పట్టిన ఒక పటం తీసుకుని వచ్చాడు. తలపాగా కట్టిన ముసలాయన, మెడలో కుట్టుపనివాళ్ళ కొలత టేపు. టైలరు చొక్కా కొసతో అద్దం తుడిచి, ఆ పటాన్ని పగిలిన అరుగు మీద, వీధి వైపు ముఖం ఉండేట్టు నిలబెట్టాడు.

"ఇంకోసారి కొలవండి సార్" అన్నాడు. "మా నాయన కండ్ల ముందర."

అరుగు పగలక ముందు అంచు ఎక్కడుండేదో నేల మీద మచ్చ ఇంకా ఉంది. నేను టేపు డబ్బా పట్టుకుని ఆ మచ్చ దగ్గర మోకాళ్ళ మీద కూర్చున్నాను. భాయ్ ఎవరూ చెప్పకుండానే వీధి దాటి, మళ్ళీ చెప్పులు విప్పి, మళ్ళీ కాలువలోకి దిగాడు. బొరుగులామె పటం పక్కన నిలబడింది.

"సున్నా!" అని అటు నుంచి కేక వచ్చింది. ఆ ఒక్కసారి నాకు పూర్తిగా వినిపించింది.

నేను టేపు బిగించి, పటంలోని ఆయనకు వినపడేంత గట్టిగా చదివాను.

"ముప్పై!"